సి నేర్చుకునేవాళ్లు మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్నలు

గుంటూరులో సాయంత్రం పూట ఇంజినీరింగ్ ఫస్టియర్, డిప్లొమా, డిగ్రీ పిల్లలకు సి అనే ప్రోగ్రామింగ్ భాష చెబుతుంటాను. ఏటా కొత్త మొహాలే, సందేహాలు మాత్రం అవే. సెప్టెంబర్‌లో ఒకరు అడిగింది జనవరిలో ఇంకొకరు అడుగుతారు, పరీక్ష ముందురోజు రాత్రి పదకొండింటికి ఫోన్ చేసి మరొకరు అడుగుతారు. అందుకే వాళ్ల మాటల్లోనే ప్రశ్నలు పెట్టి జవాబులు రాశాను. వరసగా చదవక్కర్లేదు, మీ బండి ఎక్కడ ఆగిందో నేరుగా అక్కడికి వెళ్లండి.

## మొదలుపెట్టకముందు

అందరూ పైతాన్ అంటున్నారు. ఇంకా సి ఎందుకన్నా?

పైతాన్ అనే భాషతో మొదలుపెట్టినా తప్పేం లేదు, చిన్న చిన్న పనులు త్వరగా చేసుకోవాలంటే అదే దగ్గరి దారి. కానీ మీ సిలబస్‌లో సి ఉంటే మాత్రం దాన్ని శిక్షలా చూడకండి. 1970ల మొదట్లో బెల్ ల్యాబ్స్‌లో డెనిస్ రిచీ తయారుచేసిన భాష ఇది. 1973లో యూనిక్స్ ఆపరేటింగ్ సిస్టమ్‌ని దీంట్లోనే తిరగరాశారు. మీ జేబులో ఉన్న ఆండ్రాయిడ్ ఫోన్ అడుగున పనిచేసే లినక్స్ కెర్నల్‌లో చాలా భాగం సి, మనం మామూలుగా వాడే పైతాన్ ఇంటర్‌ప్రిటర్ కూడా సిలో రాసిందే. సి మన దగ్గర దాచేది చాలా తక్కువ. ఒక సంఖ్య మెమరీలో ఎంత చోటు తీసుకుంటుంది, అది నిండిపోతే ఏమవుతుంది, ఫంక్షన్‌కి (ఒక పనికి పేరు పెట్టి విడిగా రాసుకున్న ప్రోగ్రాం ముక్కకి) మనం ఇచ్చింది అసలా నకలా, ఇవన్నీ కళ్లకు కనిపిస్తాయి. ఒకసారి ఇవి చూశాక ఇంకే భాష నేర్చుకున్నా లోపల ఏం జరుగుతోందో మీకు ఊహ తెలుస్తుంది.

నాది తెలుగు మీడియం. ఇంగ్లీష్ అంతంతమాత్రమే. నావల్ల అవుతుందా?

అవుతుంది. ధైర్యం చెప్పడానికి అంటున్న మాట కాదు, లెక్క చూడండి. 1989 ప్రమాణం ప్రకారం సి భాషకున్న కీవర్డులు 32. అందులోనూ మొదటి నెలలో మీకు పని పడేవి పన్నెండో పదిహేనో. ఇఫ్, ఎల్స్, వైల్, ఫర్, రిటర్న్ లాంటి చిన్న మాటలు. అసలు ఇబ్బంది పెట్టేవి ఎర్రర్ మెసేజ్‌లు. వాటిలోనూ అవే కొన్ని రకాలు తిరిగి తిరిగి వస్తాయి.

నరసరావుపేట దగ్గర పల్లె నుంచి వచ్చిన ఒకమ్మాయి మొదటి నెలంతా క్లాసులో నోరు విప్పలేదు. నోట్‌బుక్ వెనక పేజీల్లో మాత్రం వచ్చిన ప్రతి ఎర్రర్‌నీ ఉన్నదున్నట్టు రాసుకుని, పక్కన తెలుగులో అర్థం, దాని కింద ఏం చేస్తే పోయిందో రాసుకుంది. సెమిస్టర్ చివరికి క్లాసులో సగం మంది ఆ పేజీలే జిరాక్స్ తీయించుకున్నారు. మీరూ అలాగే చేయండి. ఆలోచన తెలుగులోనే సాగనివ్వండి. "మార్కులు 35 కన్నా తక్కువైతే ఫెయిల్, లేదంటే పాస్" అని తెలుగులో రాసుకున్న వాక్యంలోనే ఇఫ్, ఎల్స్ రెండూ ఉన్నాయి.

లెక్కలంటే భయం. ప్రోగ్రామింగ్‌కి లెక్కలు బాగా రావాలంటారుగా?

మొదటి సెమిస్టర్‌కి కూడిక, తీసివేత, గుణకారం, భాగహారం, భాగిస్తే మిగిలే శేషం, ఇవి వస్తే చాలు. శేషం సంగతి మాత్రం గట్టిగా పట్టుకోండి. సరి బేసి, లీపు సంవత్సరం, అంకెల మొత్తం, గసాభా, అన్నింటిలోనూ అదే.

"స్ట్రక్చర్డ్ లాంగ్వేజ్" అంటే ఏంటసలు? చివర్లో వచ్చే స్ట్రక్చర్స్ చాప్టరేనా?

కాదు, రెండూ వేరు. వైవాలో చాలామంది తడబడేది ఇక్కడే. ఆ చాప్టర్‌లో స్ట్రక్చర్ అంటే పేరు, రోల్ నంబర్, మార్కులు లాంటి వేర్వేరు రకాల వివరాల్ని ఒక కట్టగా కట్టడం. స్ట్రక్చర్డ్ ప్రోగ్రామింగ్ అంటే ప్రోగ్రాం రాసే పద్ధతి.

పాత ప్రోగ్రాంలలో గోటో అనే ఆదేశంతో ఎక్కడినుంచి ఎక్కడికైనా దూకేవాళ్లు. విజయవాడ వన్‌టౌన్ సందుల్లోకి కొత్తవాడు వెళ్లినట్టు, ఎటు తిరిగి ఎటు తేలామో రాసినవాడికే అంతుపట్టేది కాదు. ఎంత పెద్ద పనైనా మూడే మూడు పద్ధతులు కలిపి రాయొచ్చు: ఒకదాని తర్వాత ఒకటి చేయడం, షరతు చూసి రెండు దారుల్లో ఒకటి పట్టడం, షరతు నిలిచి ఉన్నంతసేపు అదే పని మళ్లీ మళ్లీ చేయడం. ఈ మూడూ సరిపోతాయని 1966లో బోమ్, యాకోపిని అనే ఇద్దరు గణితపరంగా చూపించారు. గోటో వాడకం వల్ల వచ్చే నష్టం గురించి 1968లో కంప్యూటర్ శాస్త్రవేత్త డైక్‌స్ట్రా రాసిన లేఖ ఆ రోజుల్లో పెద్ద చర్చే లేపింది. 1970లో నిక్లాస్ విర్త్ పాస్కల్ భాష తెచ్చింది కూడా ఈ పద్ధతిని విద్యార్థులకు నేర్పడానికే. సి ఆ కోవలోదే.

సిలో గోటో ఉంది, తీసేయలేదు. పెద్ద ప్రోగ్రాంలలో మధ్యలో ఏదైనా తేడా వస్తే అప్పటిదాకా తెరిచినవన్నీ సర్దేసి బయటపడటానికి అనుభవమున్నవాళ్లు వాడతారు. మొదటి ఏడాది మీరు దాని జోలికి పోకండి.

ల్యాప్‌టాప్ లేదు, ఇంట్లో ఇప్పట్లో కొనేలా లేరు. ఫోన్‌లో కుదురుతుందా?

కుదురుతుంది. ఆండ్రాయిడ్‌లో టెర్మక్స్ వేసుకుని అందులో క్లాంగ్ అనే కంపైలర్ (మనం రాసిన ప్రోగ్రాంని కంప్యూటర్ నడిపే రూపంలోకి మార్చేది) ఇన్‌స్టాల్ చేసుకుంటే మీ సిలబస్‌లోని దాదాపు ప్రతి ప్రోగ్రాం నడుస్తుంది. అది కష్టమనిపిస్తే బ్రౌజర్‌లో నడిచే ఆన్‌లైన్ కంపైలర్లు ఉన్నాయి. ఫోన్ కీబోర్డ్ మీద కర్లీ బ్రాకెట్లు కొట్టడం నరకం, అది నిజమే. ముందు కాగితం మీద మొత్తం రాసుకుని, చేత్తో నడిపి చూసుకుని, ఆ తర్వాతే ఫోన్‌లో కొట్టండి. ల్యాప్‌టాప్ లేనివాళ్లకు ఈ అలవాటు బలవంతంగా వస్తుంది, కానీ ఉన్నవాళ్ల కన్నా వాళ్లే గట్టిగా నేర్చుకోవడం నేను చాలాసార్లు చూశాను.

బ్రాడీపేటలోనో బెంజి సర్కిల్ దగ్గరో కోచింగ్‌లో చేరాలా?

చేరేముందు ఒక్కటే అడగండి: రోజుకు ఎంతసేపు నన్ను కీబోర్డ్ ముందు కూర్చోనిస్తారు? నేను మొదట చేరిన చోట రెండు నెలలు బోర్డు మీద రాసింది ఎక్కించుకోవడమే సరిపోయింది. కంప్యూటర్ ముందుకెళ్తే ఒక్కో దానికి నలుగురం. కట్టిన ఫీజుకు నాకు మిగిలింది రెండు నోట్‌బుక్కులు. గంట పాఠం చెప్పి గంటన్నర చేయించే చోటైతే చేరండి, లేదంటే ఆ డబ్బు పాత ల్యాప్‌టాప్‌కి దాచుకోండి.

## మొదటి రెండు మూడు వారాలు

కాలేజీలో టర్బో సి, ఇంట్లో వేరేది. అక్కడ నడిచింది ఇక్కడ నడవట్లేదు. ఏది కరెక్ట్?

టర్బో సి అనే కంపైలర్ 1987లో వచ్చింది, టర్బో సి++ 1990లో. రెండూ డాస్ అనే పాత ఆపరేటింగ్ సిస్టమ్ కాలం నాటివి. ఇప్పటి 64 బిట్ విండోస్ మీద నేరుగా నడవవు, అందుకే ల్యాబుల్లో డాస్‌బాక్స్‌లో పెట్టి నడిపిస్తారు. కోనియో హెడర్, స్క్రీన్ తుడిచే సిఎల్‌ఆర్ స్క్రీన్, చివర్లో ఆగడానికి పెట్టే గెట్‌సిహెచ్, ఇవి సి ప్రమాణంలో లేవు. ఇంట్లో జిసిసి అనే కంపైలర్‌లో నడవకపోతే ముందు వాటిని తీసేసి చూడండి, చాలాసార్లు అంతటితో సరిపోతుంది.

దీనికన్నా పెద్ద తేడా ఇంకోటుంది. టర్బో సిలో ఇంట్ (పూర్ణ సంఖ్యలు పెట్టుకునే రకం) అంటే 2 బైట్లు, అందులో పట్టే పెద్ద సంఖ్య 32767. 2024 సెప్టెంబర్ వరదల్లో ప్రకాశం బ్యారేజీ నుంచి కిందికి వదిలిన నీళ్లు 11 లక్షల క్యూసెక్కులు దాటాయి కదా. సరిగ్గా 11 లక్షలు తీసుకెళ్లి టర్బో సిలో ఇంట్ వేరియబుల్‌లో (విలువ దాచుకునే, పేరున్న గడిలో) పెట్టి ప్రింట్ చేస్తే -14112 అని చూపిస్తుంది. నది వెనక్కి పారుతున్నట్టు! పట్టని సంఖ్యలో పై బిట్లు తెగిపోయి మిగిలినదే అది. అక్కడ ఇంట్ బదులు ఇంకా పెద్ద సంఖ్యలు పట్టే లాంగ్ వాడి, విలువను తెరమీద చూపించే ప్రింట్‌ఎఫ్‌లో పర్సెంట్ డి బదులు పర్సెంట్ ఎల్‌డి పెట్టాలి. ఇంట్లో వాడే జిసిసిలో ఇంట్ 4 బైట్లు, 214 కోట్ల పైదాకా పడుతుంది కాబట్టి ఆ తప్పు బయటపడదు. సాధన జిసిసి మీద చేయండి, ల్యాబ్ పరీక్షకు వారం ముందు టర్బో సిలో అలవాటు చేసుకోండి.

విఎస్ కోడ్ వేసుకున్నాను. రన్ నొక్కితే ఏమీ రావట్లేదు.

విఎస్ కోడ్ రాసుకునే పలక మాత్రమే, అందులో సి కంపైలర్ ఉండదు. విండోస్‌లో మిన్‌జిడబ్ల్యూ లాంటి జిసిసి ప్యాకేజీ విడిగా వేసుకుని, దాని ఫోల్డర్‌ని పాత్ సెట్టింగ్‌లో చేర్చాలి. ఆ తలనొప్పి వద్దనుకుంటే కోడ్‌బ్లాక్స్‌లో కంపైలర్‌తో కలిపి వచ్చే ఇన్‌స్టాలర్ ఎంచుకోండి. మొదటి వారమంతా ఇన్‌స్టలేషన్‌తోనే కుస్తీ పట్టి విసిగిపోయినవాళ్లు బోలెడుమంది. మీరు ఆ జాబితాలో చేరకండి.

ఒక్క సెమికోలన్ మర్చిపోతే అన్ని ఎర్రర్లా! టెన్షన్ వచ్చేస్తోంది.

కంపైలర్‌కి ఒకచోట దారి తప్పితే ఆ తర్వాత ఉన్నదంతా తప్పుగానే కనిపిస్తుంది. కాబట్టి మొట్టమొదటి ఎర్రర్ ఒక్కటే చదవండి, దాన్ని సరిచేసి మళ్లీ కంపైల్ చేయండి. పద్దెనిమిది ఎర్రర్లు రెండైపోతాయి. లైన్ నంబర్ 12 అని చెప్పినా సెమికోలన్ పోయింది 11లో కావచ్చు, ఎందుకంటే తర్వాతి మాట కనబడ్డాకే అది లేదని కంపైలర్‌కి తెలుస్తుంది. "అన్‌డిఫైన్డ్ రిఫరెన్స్" అని వస్తే మాత్రం సెమికోలన్ వెతక్కండి, ఏదో ఫంక్షన్ పేరు తప్పు కొట్టి ఉంటారు.

స్కాన్‌ఎఫ్‌లో ఆ & గుర్తు ఎందుకు? ప్రింట్‌ఎఫ్‌లో ఎందుకు లేదు?

గ్యాస్ సిలిండర్ బుక్ చేస్తే డెలివరీ అబ్బాయికి ఇంటి నంబర్ కావాలి. మీ ఇంట్లో ఇప్పుడేముందో అతనికి అనవసరం, ఎక్కడ దించాలో తెలిస్తే చాలు. స్కాన్‌ఎఫ్ కూడా అంతే. మీరు కీబోర్డ్ మీద కొట్టిన సంఖ్యను ఎక్కడ పెట్టాలో దానికి చెప్పాలి, & గుర్తు ఆ వేరియబుల్ చిరునామా ఇస్తుంది. ప్రింట్‌ఎఫ్ చూపించడమే కాబట్టి దానికి విలువ ఇస్తే సరిపోతుంది.

& మర్చిపోతే చాలా కంపైలర్లు హెచ్చరించి ఊరుకుంటాయి, ప్రోగ్రాం మొదలవుతుంది, సంఖ్య కొట్టి ఎంటర్ నొక్కగానే కూలిపోతుంది. వేరియబుల్‌లో ఉన్న ఏదో పిచ్చి సంఖ్యనే చిరునామా అనుకుని అక్కడికి వెళ్లిపోయింది మరి. పేరు లాంటి స్ట్రింగ్ చదివేటప్పుడు & పెట్టం, ఎందుకంటే అక్కడ అర్రే (ఒకే రకం విలువలు పెట్టుకునే గడుల వరస) పేరు ఇస్తేనే దాని మొదటి గడి చిరునామా అందుతుంది.

వాయిడ్ మెయినా, ఇంట్ మెయినా?

ఇంట్ మెయిన్. చివర రిటర్న్ 0. మీ సార్ వాయిడ్ మెయిన్ రాయిస్తే రికార్డులో అలాగే రాసి గొడవ లేకుండా బయటపడండి, మీ సొంత ప్రోగ్రాంలలో మాత్రం ఇంట్ మెయినే.

సగటు కడితే పాయింట్ తర్వాత అంతా సున్నాలే వస్తున్నాయి. ఫ్లోట్ కూడా వాడాను!

మిర్చి యార్డు లెక్క వేద్దాం. మూడు టిక్కీలు (మిర్చి బస్తాలు), 42, 45, 40 కిలోలు. మొత్తం 127. సగటు 42.333 రావాలి, మీకు 42.000 వస్తోంది. కారణం: 127 ఇంట్, 3 ఇంట్. సిలో ఇంట్‌ని ఇంట్‌తో భాగిస్తే జవాబు కూడా ఇంటే, పాయింట్ తర్వాతది అక్కడే రాలిపోతుంది. రాలిపోయాక మిగిలిన 42ని ఫ్లోట్‌లో (పాయింట్ ఉన్న సంఖ్యలు పెట్టే రకంలో) పెడితే 42.000 కాక ఇంకేం వస్తుంది? భాగించకముందే ఒకదాన్ని ఫ్లోట్ చేయాలి, 3 బదులు 3.0 రాసినా చాలు.

ఆ 0.333 ఎంతలే అనుకోకండి. అదే సగటు మీద 300 టిక్కీల బరువు కడితే 12700 కిలోలకు బదులు 12600 వస్తుంది. రైతుకు ఒక క్వింటా మిర్చి పోయినట్టే.

## షరతులు, లూపులు

చదివితే అర్థమవుతోంది. నేనే రాద్దామంటే చెయ్యి కదలట్లేదు. ఏం చేయాలి?

నన్ను అందరికన్నా ఎక్కువమంది అడిగేది ఇదే, నేను మనసుపెట్టి చెప్పేదీ ఇదే. ఈత గురించి చదివితే ఈత రాదు కదా. మీరు చదివేటప్పుడు వాక్యాల అర్థం చూస్తున్నారు, కానీ లైను లైనుకీ వేరియబుల్స్‌లో ఏం మారుతోందో చూడట్లేదు. దానికి మందు డ్రై రన్. కాగితం, పెన్ను తీసుకుని మీరే కంప్యూటర్ అయిపోవాలి.

472లో అంకెల మొత్తం కట్టే ప్రోగ్రాం తీసుకోండి. కాగితం మీద మూడు గడులు గీయండి: సంఖ్య, శేషం, మొత్తం. మొదట సంఖ్య 472, మొత్తం 0. లూప్ మొదటి చుట్టులో 472ని 10తో భాగిస్తే శేషం 2, మొత్తం 2, సంఖ్య 47 అయింది. రెండో చుట్టులో శేషం 7, మొత్తం 9, సంఖ్య 4. మూడో చుట్టులో శేషం 4, మొత్తం 13, సంఖ్య 0. సంఖ్య సున్నా అయింది కాబట్టి లూప్ ఆగింది, జవాబు 13. పాత విలువను రబ్బరుతో తుడపకండి, కొట్టేసి పక్కన కొత్తది రాయండి, ఎక్కడ తప్పామో వెనక్కి చూసుకోవచ్చు.

ఇలా పది ప్రోగ్రాంలు చేత్తో నడిపాక పుస్తకం మూసేసి అదే ప్రోగ్రాం మీరే రాయండి. ఆ తర్వాత దాన్ని కొంచెం మార్చండి: అంకెల మొత్తం బదులు అంకెల గుణకారం, ఆ తర్వాత సంఖ్యను తిప్పి రాయడం. గుణకారానికి మొత్తం గడిలో 0 బదులు 1 పెట్టాలని మీకే తట్టిన రోజు మీ చెయ్యి కదలడం మొదలైనట్టు.

ఇఫ్‌లో ఏ మార్కులిచ్చినా ఒకటే జవాబు వస్తోంది, ఎందుకు?

ఒక = పెట్టి ఉంటారు. పోల్చడానికి రెండు, ==. ఒక్కటే పెడితే అది పోలిక కాదు, విలువ పెట్టడం. "మార్కులు = 35" అని ఇఫ్‌లో రాస్తే ముందు మార్కుల్లో 35 పడుతుంది, 35 సున్నా కాదు కాబట్టి సి దాన్ని నిజం అనుకుంటుంది. ఒక కుర్రాడు ఇలాగే రాస్తే క్లాసులో 92 వచ్చినవాడికి, 11 వచ్చినవాడికి అందరికీ 35 వేసి పాస్ చేసింది ప్రోగ్రాం. గంటసేపు ఇద్దరం దాన్నే చూస్తూ కూర్చున్నాం. జిసిసి వాడేటప్పుడు హెచ్చరికల ఆప్షన్ పెట్టుకోండి: హైఫన్, పెద్ద డబ్ల్యూ, వెంటనే చిన్న అక్షరాల్లో ఆల్. ఇలాంటివి అదే పట్టిస్తుంది.

ఫర్, వైల్, డూ వైల్... ఏది ఎప్పుడు వాడాలి?

ఎన్నిసార్లో ముందే తెలిస్తే ఫర్. తెలియకపోతే వైల్. కనీసం ఒక్కసారైనా జరగాల్సిందైతే, ఉదాహరణకు మెనూ చూపించి ఎంచుకోమనడం, డూ వైల్. మొదట్లో తప్పు ఎంచుకున్నా ప్రోగ్రాం నడుస్తుంది, దీని గురించి ఎక్కువ ఆలోచించకండి.

లూప్ ఆగట్లేదు! కంప్యూటర్ పాడైపోతుందా?

ఏం కాదు. కంట్రోల్ పట్టుకుని సి నొక్కండి, డాస్‌బాక్స్‌లో అయితే కంట్రోల్, బ్రేక్. లూప్ లోపల షరతును అబద్ధం చేసే లైను ఉందా అని వెతకండి. ఫర్ బ్రాకెట్ పక్కనే సెమికోలన్ పెట్టారేమో కూడా చూడండి, అలా పెడితే ఆగకపోవడం కాదు గానీ లోపలి పని ఒక్కసారే జరుగుతుంది.

రెండో స్కాన్‌ఎఫ్ దగ్గర ఆగకుండా దాటేస్తోంది, నేనేం కొట్టలేదు కూడా.

కొట్టారు, ఎంటర్. మొదటి స్కాన్‌ఎఫ్ సంఖ్యను తీసుకుని ఎంటర్‌ని అక్కడే వదిలేసింది. రెండోది ఒక అక్షరం అడిగింది, ఆ ఎంటరే దానికి అక్షరంలా దొరికింది. అక్షరం చదవడానికి పెట్టే పర్సెంట్ సి ముందు ఒక ఖాళీ పెట్టండి, పోతుంది.

## అర్రేలు, ఫంక్షన్లు, పాయింటర్లు

అర్రే సున్నా నుంచి ఎందుకు మొదలవుతుంది? ఒకటి నుంచి ఉంటే హాయిగా ఉండేదిగా?

అర్రేలో ఆ నంబర్ వరస సంఖ్య కాదు, మొదటి గడి నుంచి ఎంత దూరమో చెప్పే లెక్క. మొదటి గడి తన నుంచి తాను సున్నా దూరంలో ఉంది. ప్రకాశం బ్యారేజీకి 70 గేట్లు. వాటికి 70 గడుల అర్రే పెడితే నంబర్లు 0 నుంచి 69 దాకా. 70వ నంబర్ గడి లేదు. ఫర్ లూప్‌లో "70 కన్నా తక్కువ" అని రాయాల్సింది "70కి తక్కువ లేదా సమానం" అని రాస్తే మీరు చివరి గేటు దాటి అవతలికి అడుగేసినట్టే. సి మిమ్మల్ని ఆపదు. అక్కడ ఇంకో వేరియబుల్ ఉంటే దాన్ని చెరిపేయొచ్చు, ప్రోగ్రాం కూలొచ్చు, అన్నిటికన్నా ప్రమాదం ఏంటంటే ఈ రోజు బాగానే నడిచినట్టు కనిపించొచ్చు.

రెండు విలువల్ని తారుమారు చేసే స్వాప్ ఫంక్షన్ రాశాను. లోపల మారుతున్నాయి, బయటికొస్తే మళ్లీ మామూలే!

మీసేవలో ఆధార్ జిరాక్స్ ఇస్తారు. ఆ జిరాక్స్ మీద ఎవరో పెన్నుతో పేరు దిద్దితే ఇంట్లో ఉన్న అసలు కార్డు మీద పేరు మారుతుందా? సిలో ఫంక్షన్‌కి వెళ్లేది నకలే. లోపల ఎంత మార్చినా మెయిన్‌లో ఉన్న అసలు అలాగే ఉంటుంది. అసలు మారాలంటే అది ఎక్కడుందో చిరునామా పంపాలి, ఫంక్షన్ అక్కడికే వెళ్లి మారుస్తుంది.

పాయింటర్లు బుర్రకెక్కట్లేదు. వదిలేసి పరీక్ష రాసేయొచ్చా?

వదలకండి. పాయింటర్ కష్టం కాదు, మూడు విషయాలు ఒకేసారి చెప్పేసరికి కలగాపులగం అవుతుంది. గుంటూరువాళ్లకు ఇది చాలా తేలిక. బ్రాడీపేట 4/14 అంటాం, అంటే నాలుగో లైను, పద్నాలుగో అడ్డరోడ్డు. అది చీటీ మీద రాసి జేబులో పెట్టుకుంటే జేబులో ఉన్నది ఇల్లు కాదు, ఇంటి జాడ. పాయింటర్ అనేది ఆ చీటీ. & అంటే "ఈ ఇంటి జాడ రాసివ్వు". * అంటే "చీటీలో ఉన్న జాడకి వెళ్లి తలుపు తీసి చూడు". చీటీ మీద జాడ మార్చేస్తే ఇల్లు కదలదు, మీరే ఇంకో ఇంటికి వెళ్తారు. ఏమీ రాయని చీటీ పట్టుకుని బయల్దేరితే ఎక్కడ తేలతారో తెలీదు, అందుకే పాయింటర్ పెట్టగానే ఏదో ఒక చిరునామా ఇవ్వండి, లేదంటే నల్ (ఏ ఇంటినీ చూపించట్లేదని చెప్పే విలువ) పెట్టండి.

ఇబ్బంది పెట్టేది * గుర్తుకున్న రెండు వేషాలు. ప్రకటించేటప్పుడు "ఇంట్ *పి" అంటే పి ఒక చీటీ అని పరిచయం చేయడం. ఆ తర్వాత లైన్లలో *పి అంటే తలుపు తీయడం. ఈ తేడా ఒక్కటి పట్టుకున్న రోజే చాలామంది మొహాలు వెలగడం చూశాను. కాగితం మీద ప్రతి వేరియబుల్‌కి ఒక గడి గీసి, మూలన 1000, 1004 అని ఉత్తుత్తి చిరునామాలు వేసుకుని, పి గడిలో 1000 అని రాసి, బాణం గీయండి. మూడు రోజులు, రోజుకు అరగంట చాలు.

రెండు పేర్లు ఒకటే అయినా == పెడితే కాదంటోంది.

స్ట్రింగ్‌ల దగ్గర == పోల్చేది చిరునామాల్ని, అక్షరాల్ని కాదు. స్ట్రింగ్ హెడర్‌లో ఉన్న స్ట్రింగ్ కంపేర్ ఫంక్షన్ వాడండి, రెండూ ఒకటే అయితే అది 0 ఇస్తుంది. ఒకటి ఇస్తుందనుకుని తిరగేసి రాసేవాళ్లు చాలామంది, జాగ్రత్త.

సిలో తెలుగు ప్రింట్ అవుతుందా? స్ట్రింగ్ పొడవు ఏదేదో వస్తోంది.

ఫైల్, టెర్మినల్ రెండూ యూటీఎఫ్-8లో (అక్షరాల్ని బైట్లుగా రాసే పద్ధతిలో) ఉంటే ప్రింట్ అవుతుంది. పొడవు చెప్పే ఫంక్షన్ బైట్లను లెక్కపెడుతుంది, అక్షరాల్ని కాదు. యూటీఎఫ్-8లో తెలుగు గుర్తు ఒక్కోటి 3 బైట్లు. "గుంటూరు"లో గ, కొమ్ము, సున్నా, ట, దీర్ఘం, ర, కొమ్ము కలిపి 7 గుర్తులు, మొత్తం 21. "విజయవాడ" కూడా 21కే వస్తుంది, ఒకసారి లెక్కపెట్టి చూడండి. స్ట్రింగ్ అయిపోయిందని చెప్పడానికి చివర్లో సి పెట్టే 0 విలువ బైటుకి ఇంకొక గడి కావాలి కాబట్టి అర్రే సైజు కనీసం 22 పెట్టాలి.

## పరీక్షలు, ఆ తర్వాత

ల్యాబ్ ప్రోగ్రాంలు బట్టీ కొడితే పాసవుతాం కదా?

అవుతారు. రెండో ఏడాది డేటా స్ట్రక్చర్స్‌లో లింక్డ్ లిస్ట్ వచ్చినప్పుడు ఆ బట్టీ ఒక్క లైను కూడా సాయం చేయదు. పరీక్ష దగ్గర పడి వేరే దారి లేకపోతే ప్రోగ్రాం కాదు, దాని తెలుగు మెట్లు గుర్తుపెట్టుకోండి. "చదువు, సున్నా అయ్యేదాకా శేషం తీయి, కలుపు, చూపించు" అన్నంత గుర్తుంటే మిగతాది చెయ్యి రాసేస్తుంది.

పేపర్‌లో ఐ++ + ++ఐ విలువ ఎంత అని అడిగారు. ఒక్కొక్కరు ఒక్కోటి చెబుతున్నారు.

++ అంటే విలువను ఒకటి పెంచడం. ఒకే వాక్యంలో ఒకే వేరియబుల్‌ని అలా రెండుసార్లు మారిస్తే ఫలితం ఇంత అని సి ప్రమాణం చెప్పదు. ఒక్కో కంపైలర్ ఒక్కోటి ఇవ్వొచ్చు, అందుకే మీ ఫ్రెండ్స్ జవాబులు కలవట్లేదు. పరీక్షలో మీ సార్ నేర్పిన పద్ధతిలో రాసి మార్కులు తెచ్చుకోండి, మీ ప్రోగ్రాంలలో మాత్రం ఇలాంటిది ఎప్పుడూ రాయకండి.

ఏఐని అడిగితే రాసిచ్చేస్తోంది. నేనెందుకు నేర్చుకోవాలి?

రాసిచ్చింది సరైనదో కాదో ఎవరు చూడాలి? 127ని 3తో భాగించి 42 అని చూపిస్తే తప్పని పట్టుకోవడానికి మీకు తెలిసుండాలి. ముందు మీరు రాయండి, ఎర్రర్ వస్తే అర్థమేంటని దాన్ని అడగండి, ప్రోగ్రాం మాత్రం రాయించుకోకండి. మొదటి మూడు నెలలు ఈ గీత దాటవద్దని నా దగ్గరకొచ్చే ప్రతి ఒక్కరినీ బతిమాలుతున్నాను.

ఎన్నాళ్లు పడుతుంది?

రోజూ గంట కూర్చుంటే లూపులు, అర్రేల దాకా రెండు నెలలు, పాయింటర్లు, స్ట్రక్చర్లు, ఫైళ్లకు ఇంకో రెండు. ఆదివారం ఒక్కరోజు ఆరు గంటలు కూర్చుంటే ఇదే లెక్క కుదరదు, సోమవారానికి సగం మర్చిపోతారు.

పెళ్లయి పిల్లలున్నారు, చదువు ఆపేసి పన్నెండేళ్లు. ఇప్పుడు మొదలుపెడితే నవ్వుతారేమో?

నవ్వరండి. నా సాయంత్రం బ్యాచ్‌లో ప్రతి ఏడాదీ మీలాంటివాళ్లు ఒకరో ఇద్దరో ఉంటారు. కుర్రాళ్లు ఎర్రర్ రాగానే ఫోన్ తీస్తారు, వాళ్లు మాత్రం ఓపిగ్గా లైను లైను చూసుకుంటారు. పిల్లలు బడికెళ్లాక దొరికే గంట మీకు చాలు.

సిలబస్ అయిపోయింది. సొంతంగా ఏం చేయాలో తోచట్లేదు.

మీ ఇంట్లో ఎవరికైనా పనికొచ్చేది ఒకటి పట్టుకోండి. మా బ్యాచ్‌లో ఒకబ్బాయి నాన్నగారికి యార్డులో కమిషన్ వ్యాపారం. ఆ అబ్బాయి రైతు పేరు, టిక్కీల సంఖ్య, ఒక్కో టిక్కీ బరువు, క్వింటా ధర తీసుకుని, కమిషన్, హమాలీ కూలి పోను ఎంత చేతికివ్వాలో చూపించే ప్రోగ్రాం మొదలుపెట్టాడు. మొదట ఒకే రైతుకు, ఒకే ఫంక్షన్‌తో. ఆ తర్వాత స్ట్రక్చర్ పెట్టి పదిమందికి. ఆ తర్వాత కరెంటు పోతే లెక్కంతా పోతోందని ఫైల్‌లో దాచడం నేర్చుకున్నాడు. వాళ్ల నాన్నగారు కాగితం లెక్కతో సరిపోల్చి చూస్తే ఒకచోట యాభై పైసలు తేడా వచ్చింది. అబ్బాయి రెండు రోజులు వెతికి పట్టుకున్నాడు, కమిషన్ కట్టేచోట ఒక ఇంట్ మిగిలిపోయింది.